పదోన్నతిలో రోస్టరు: రిజిస్టరు చదవడం నుంచి అభ్యంతరం రాయడం వరకు

రాష్ట్ర ప్రభుత్వ సర్వీసుల్లో ప్యానెల్ సంవత్సరం, అంటే పదోన్నతికి ఎంపికైనవారి జాబితా (ప్యానెల్) వర్తించే ఏడాది, సెప్టెంబరు 1న మొదలై మరుసటి ఏడు ఆగస్టు 31న ముగుస్తుంది. అందుకే శ్రావణ మాసం వచ్చేసరికి కర్నూలు, అనంతపురం, కడప కలెక్టరేట్ల ఆవరణల్లో, నీటిపారుదల సర్కిల్ కార్యాలయాల్లో, విద్యాశాఖ కార్యాలయాల వరండాల్లో మాటలన్నీ సీనియారిటీ జాబితా చుట్టూనే తిరుగుతుంటాయి. రోస్టరు (వరుసగా వచ్చే ఖాళీల్లో, అంటే పాయింట్లలో, ఏది ఏ వర్గానిదో చెప్పే పట్టిక) వల్ల తనకు రావలసిన పదోన్నతి పోయిందని ఒకరు, రోస్టరు పాయింటు ఉన్నా తనను పక్కన పెట్టారని మరొకరు బాధపడతారు. ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్‌లో చాలా ఏళ్లు కూర్చుని ఈ రెండు రకాల అర్జీలనూ చదివినవాణ్ణి. ఆ అర్జీదారుల్లో రోస్టరు రిజిస్టరును తెరిచి చూసినవారు నాకు చాలా అరుదుగా తగిలారు. వాదన రాజ్యాంగం దగ్గర మొదలవుతుంది గానీ తేలేది ఆ రిజిస్టరులోని ఒక గడి దగ్గర. ఆ గడిని ఎలా చదవాలో, అది తప్పుగా నిండితే ఎవరికి, ఎప్పటిలోగా, ఏమని రాయాలో ఇక్కడ చెబుతున్నాను. ఎస్సీ, ఎస్టీ ఉద్యోగులకు ఇది ఎంత అవసరమో, తనను దాటి మరొకరు ఎందుకు వెళ్లారో తెలుసుకోవాలనుకునే ఓసీ, బీసీ ఉద్యోగులకూ అంతే అవసరం.

చట్టం ఎంతవరకు వచ్చింది

నియామకంలో రిజర్వేషన్, పదోన్నతిలో రిజర్వేషన్ ఒకటి కావు. 1992 నవంబరు 16న ఇందిరా సహానీ కేసులో తొమ్మిది మంది న్యాయమూర్తుల సుప్రీంకోర్టు ధర్మాసనం 16(4) అధికరణ నియామకాలకే పరిమితమనీ, పదోన్నతులకు వర్తించదనీ తేల్చింది. అప్పటికే అమలులో ఉన్న పదోన్నతి రిజర్వేషన్లు మాత్రం ఐదేళ్లపాటు కొనసాగవచ్చని వెసులుబాటు ఇచ్చింది. ఆ గడువు తీరకముందే 1995లో పార్లమెంటు 77వ సవరణ ద్వారా 16(4ఎ)ను చేర్చి, ఎస్సీ, ఎస్టీలకు పదోన్నతుల్లోనూ రిజర్వేషన్ కల్పించే వీలు ప్రభుత్వాలకు ఇచ్చింది. 2000లో వచ్చిన 81వ సవరణ 16(4బి)ని చేర్చింది. దాని ప్రకారం ఒక ఏడాది భర్తీ కాకుండా మిగిలిన రిజర్వుడు ఖాళీలను తర్వాతి ఏడాది ఖాళీలతో కలపకుండా వేరే వర్గంగా లెక్కించవచ్చు. 50 శాతం పరిమితి ఆ పాత ఖాళీలకు అడ్డు రాదు. అదే ఏడాది 82వ సవరణ పదోన్నతి పరీక్షల్లో అర్హత మార్కులు సడలించడానికి వీలిచ్చింది. 2001లో 85వ సవరణ పర్యవసాన సీనియారిటీని, అంటే రిజర్వేషన్ మీద ముందుగా పై పోస్టుకు వెళ్లిన ఉద్యోగి ఆ పోస్టులో తన సీనియారిటీని నిలుపుకోవడాన్ని, 1995 జూన్ 17 నుంచి వర్తించేలా రాజ్యాంగంలోకి తెచ్చింది.

ఇక్కడే చాలామంది పొరపాటు పడతారు. 16(4ఎ) అధికరణ ప్రభుత్వం ఇవ్వవచ్చు అంటుంది గానీ ఇచ్చి తీరాలి అనదు. ఉత్తరాఖండ్‌కు సంబంధించిన కేసులో 2020 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఈ విషయాన్ని మరోసారి స్పష్టం చేసింది. కాబట్టి అర్జీలో రాజ్యాంగం నాకు హక్కు ఇచ్చింది అని రాసి ఊరుకుంటే, కిందిస్థాయి అధికారి దాన్ని మర్యాదగా ఫైలులో పెట్టి మరిచిపోతాడు. ఏ ప్రభుత్వ ఉత్తర్వు ప్రకారం, ఏ కేడర్‌లో (ఒకే హోదా పోస్టుల సముదాయంలో), ఏ పాయింటుపై అడుగుతున్నారో రాయాలి.

ప్రభుత్వం ఇవ్వదలచుకున్నప్పుడు ఏ ఆధారంతో ఇవ్వాలన్నది రెండో ప్రశ్న. 2006లో ఎం. నాగరాజ్ కేసులో ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం పై సవరణలన్నిటినీ సమర్థిస్తూనే, వెనుకబాటుతనం, తగినంత ప్రాతినిధ్యం లేకపోవడం, పాలనా సామర్థ్యం అనే మూడు అంశాలను ప్రభుత్వం చూపాలని షరతు పెట్టింది. 2018 సెప్టెంబరు 26న జర్నైల్ సింగ్ కేసులో మరో ఐదుగురి ధర్మాసనం, ఎస్సీ, ఎస్టీల వెనుకబాటుతనానికి వేరుగా గణాంకాలు సేకరించనక్కర లేదని ఆ మొదటి షరతును తొలగించింది. ప్రాతినిధ్యం గణాంకాలు మాత్రం తప్పనిసరి అయ్యాయి. ఆ గణాంకాలను ఏ స్థాయిలో తీయాలి? మొత్తం శాఖకా, మొత్తం సర్వీసుకా? 2022 జనవరి 28న అదే కేసు కొనసాగింపులో సుప్రీంకోర్టు ఇచ్చిన జవాబు: కేడర్ స్థాయిలో. శాఖలో మొత్తం ఎస్సీలు ఎంతమంది అన్న లెక్క ఇప్పుడు పనికిరాదు. సూపరింటెండెంట్ పోస్టు గురించి మాట్లాడుతుంటే సూపరింటెండెంట్ కేడర్‌లో ఎంతమంది ఉన్నారన్నదే లెక్క.

మన రాష్ట్రానికి సంబంధించి గుర్తుంచుకోవలసిన ఉత్తర్వు 2003 ఫిబ్రవరి 14న సాంఘిక సంక్షేమ శాఖ ఇచ్చిన జీవో ఎంఎస్ నంబరు 5. ఐదుకు మించి పోస్టులున్న కేడర్లలో పదోన్నతుల్లో ఎస్సీలకు 15 శాతం, ఎస్టీలకు 6 శాతం రిజర్వేషన్ ఆ ఉత్తర్వుతో వచ్చింది. తగినంత ప్రాతినిధ్యాన్ని ఎలా చూడాలన్న మార్గదర్శకాలు 2004 జనవరి 9 నాటి జీవో ఎంఎస్ నంబరు 2తో వచ్చాయి. ఆ తర్వాత కూడా సవరణలు వచ్చాయి కనుక, మీ శాఖ ప్యానెల్ ప్రొసీడింగ్స్‌లో రిఫరెన్సు కింద ఏ జీవోలను చూపిందో గమనించి, వాటినే తెప్పించుకుని చదవడం మంచిది.

బీసీ ఉద్యోగులకు ఒక్క మాట. 16(4ఎ) ఎస్సీ, ఎస్టీలకే పరిమితం. నియామకంలో బీసీ రోస్టరు మీద వచ్చిన ఉద్యోగికి పదోన్నతిలో రోస్టరు పాయింటు ఉండదు. మహిళలకు నియామకాల్లో ఉన్న సమాంతర రిజర్వేషన్‌ను (ప్రతి వర్గం లోపలా వర్తించేదాన్ని) కూడా పదోన్నతి రోస్టరులో వెతకకూడదు.

ధ్రువపత్రం, సరిహద్దు

రాయలసీమలో ఈ అంశాన్ని కొంచెం విడమరచి చెప్పాలి. బోయలు, వాల్మీకులు కర్నూలు, అనంతపురం, కడప జిల్లాల్లో బీసీ-ఎ జాబితాలో ఉన్నారు. తమను ఎస్టీల్లో చేర్చాలన్న కోరిక పాతదే. 2023లో రాష్ట్ర శాసనసభ ఆ మేరకు తీర్మానం చేసి కేంద్రానికి పంపింది. తీర్మానంతో జాబితా మారదు. 342 అధికరణ కింద పార్లమెంటు చట్టం చేస్తేనే మారుతుంది. అందువల్ల ఆ తీర్మానాన్ని జతచేసి ఎస్టీ పాయింటు అడిగే అర్జీకి ఫలితం ఉండదు. అయితే వేదవతి దాటి బళ్లారి వైపు వెళితే అదే కులం నాయక, బేడ, వాల్మీకి పేర్లతో కర్ణాటక ఎస్టీ జాబితాలో కనిపిస్తుంది. సుగాలీల విషయం దీనికి తిరగబడి ఉంటుంది: ఇక్కడ వారు ఎస్టీలు, కర్ణాటకలో ఎస్సీలు. రాయదుర్గం, ఆదోని, మడకశిర, హిందూపురం ప్రాంతాల్లో రెండు వైపులా బంధుత్వాలున్న కుటుంబాలకు ఇది మాటల్లో చెప్పుకునే వింత కావచ్చు. సర్వీసులో మాత్రం చిక్కు. ఒక రాష్ట్రపు ఎస్సీ, ఎస్టీ హోదా వలస వచ్చిన రాష్ట్రంలో చెల్లదని సుప్రీంకోర్టు 1990లోనే స్పష్టం చేసింది. కర్ణాటక తహసీల్దారు ఇచ్చిన ధ్రువపత్రంతో ఆంధ్రప్రదేశ్ సర్వీసులో రోస్టరు పాయింటు పొందలేరు. పెళ్లి వల్ల కులం మారదు గనుక, భర్త కులంతో పత్రం తెచ్చుకున్న ఉద్యోగినుల విషయంలోనూ ఇదే జాగ్రత్త అవసరం.

మతం మార్పు కూడా ఇక్కడే ప్రస్తావించాలి. 1950 నాటి ఎస్సీల ఉత్తర్వు ప్రకారం హిందూ, సిక్కు, బౌద్ధ మతస్థులకే ఎస్సీ హోదా ఉంటుంది. క్రైస్తవం స్వీకరించిన ఎస్సీలు మన రాష్ట్రంలో బీసీ-సి కిందికి వస్తారు. ఎస్టీలకు ఈ మత నిబంధన లేదు. దీనిపై ఎవరి అభిప్రాయాలు ఎలా ఉన్నా, ఫిర్యాదు వచ్చినప్పుడు 1993 నాటి కుల ధ్రువపత్రాల చట్టం కింద జిల్లాస్థాయి పరిశీలన కమిటీ విచారణ జరుపుతుందనీ, పత్రం రద్దయితే దాని మీద వచ్చిన ప్రయోజనాలు కూడా ప్రమాదంలో పడతాయనీ ఉద్యోగి తెలిసి ఉండాలి.

కాబట్టి చేయవలసిన మొదటి పని మీ సర్వీస్ రిజిస్టరు మొదటి పేజీని చూడడం. అక్కడ రాసిన కులం, ఉపకులం, మీ దగ్గరున్న ధ్రువపత్రం, నియామక ఉత్తర్వులో చూపిన కేటగిరీ ఈ మూడూ ఒకటేనా? పాత రిజిస్టర్లలో ఉపకులం రాయకుండా ఎస్సీ అని మాత్రమే రాసి వదిలేసిన సందర్భాలు చాలా ఉన్నాయి. ఇన్నాళ్లూ అది పెద్ద లోపం కాదు. 2024 ఆగస్టు 1న దవీందర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఎస్సీల ఉపవర్గీకరణను అనుమతించాక, 2025 ఏప్రిల్‌లో మన రాష్ట్రం ఆర్డినెన్స్ ద్వారా 59 ఎస్సీ కులాలను మూడు గ్రూపులుగా చేసి 15 శాతాన్ని 1, 6.5, 7.5 శాతాలుగా విభజించింది. అరశాతాలు రావడంతో 200 పాయింట్ల రోస్టరు అవసరమైంది. ఇకపై ఉపకులం లేని పేజీ అసంపూర్ణమైన పేజీ. మీ కేడర్ పదోన్నతి రిజిస్టరు ఏ ఉత్తర్వు మీద నడుస్తోందో దాని మొదటి పేజీలో రాసి ఉంటుంది. అక్కడ చూసి ఆ ప్రకారమే పాయింట్లు లెక్కపెట్టుకోవాలి. ఈ వ్యాసంలోని ఉదాహరణకు నేను 100 పాయింట్ల రోస్టరునే తీసుకున్నాను. చదివే పద్ధతి రెండింటికీ ఒకటే.

మీరు ఏ జాబితాలో ఉన్నారు

రోస్టరు సీనియారిటీ జాబితా మీద పనిచేస్తుంది; జాబితా యూనిట్ మీద, అంటే సీనియారిటీని ఏ ప్రాంతం పరిధిలో లెక్కిస్తారన్నదాని మీద, ఆధారపడుతుంది. 1975 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం కర్నూలు, అనంతపురం, కడప, చిత్తూరు ఉమ్మడి జిల్లాలు నాలుగో జోన్. కొన్ని పోస్టులకు జిల్లా యూనిట్, కొన్నిటికి జోన్ యూనిట్. 2022 ఏప్రిల్ 4న నంద్యాల, శ్రీ సత్యసాయి, అన్నమయ్య జిల్లాలు ఏర్పడినప్పుడు ఉద్యోగులను ‘ఆర్డర్ టు సర్వ్’ పద్ధతిలో అక్కడికి పంపారు. అంటే పుట్టపర్తిలో కూర్చుని పనిచేస్తున్నంత మాత్రాన సీనియారిటీ పుట్టపర్తికి మారినట్టు కాదు. పనిచేసే కార్యాలయాన్ని చూసి నా పైన ఇద్దరే ఉన్నారని సంతోషపడిన ఉద్యోగి, ఉమ్మడి జిల్లా జాబితా తెరిస్తే తన పైన ఇరవై మందిని చూడవలసి వస్తుంది. జాబితా శీర్షికలో యూనిట్ పేరు ఏమని ఉందో ముందు చూడండి.

సొంత అభ్యర్థనపై అనంతపురం నుంచి కడపకో, కర్నూలు నుంచి చిత్తూరుకో బదిలీ అయినవారు కొత్త యూనిట్‌లో చివరి స్థానానికి వెళతారు. భార్యాభర్తలు ఒకచోట ఉండాలన్న తొందరలో ఈ సంగతి మరిచిపోయి, పదేళ్ల తర్వాత పాత తేదీతో సీనియారిటీ అడిగేవారున్నారు. అది రాదు. రోస్టరు పాయింటు ఉన్నా, ఆ పాయింటుకు అదే వర్గంలో మీకంటే పైనున్నవారు ఉంటే వారికే వెళుతుంది.

అర్హతల సంగతి కూడా ఇక్కడే తేల్చుకోవాలి. ప్రొబేషన్ ప్రకటించారా, కింది పోస్టులో కనీస సర్వీసు నిండిందా, డిపార్ట్‌మెంటల్ టెస్టులు గడువులోగా పాసై ఆ సంగతి సర్వీస్ రిజిస్టరులో నమోదైందా, ఛార్జ్ మెమో ఏదైనా పెండింగ్‌లో ఉందా? రోస్టరు పాయింటు అర్హతను ఇవ్వదు. అర్హులైనవారిలో ఎవరికి అన్నదే చెబుతుంది. టెస్టు పాసైన సంగతి కార్యాలయానికి తెలియజేయకపోవడం వల్ల పాయింటు ఖాళీగా ఉండి కూడా ప్యానెల్‌లో పేరు రాని ఉద్యోగులను నేను ఒక్కరిని కాదు, చాలామందిని చూశాను. ఫలితాలు వచ్చిన వారంలోనే నకలు జతచేసి లేఖ ఇచ్చి, నమోదు చేసిన పేజీని సంతకంతో సహా చూసి రావాలి.

రిజిస్టరును చదవడం

రోస్టరు రిజిస్టరులో ఒక్కో కేడర్‌కు కొన్ని పేజీలు కేటాయిస్తారు. పాయింటు సంఖ్య, ఆ పాయింటు ఏ వర్గానిది, ఏ ప్యానెల్ సంవత్సరంలో నింపారు, ఎవరితో నింపారు, ఆ ఉద్యోగి కులం, ఉత్తర్వు సంఖ్య, తేదీ, నియామకాధికారి సంతకం ఇవి గడుల్లో ఉంటాయి. 100 పాయింట్ల చక్రంలో ఎస్సీలవి 2, 7, 16, 22, 27, 41, 47, 52, 62, 66, 72, 77, 87, 91, 97. ఎస్టీలవి 8, 25, 33, 58, 75, 83. కులవర్గాల లెక్కలో మిగతావి పదోన్నతుల విషయంలో ఓపెన్ పాయింట్లే, అంటే ఏ వర్గానికీ కేటాయించకుండా సీనియారిటీ ప్రకారం నింపేవే. ఈ రెండు వరుసలనూ ఒక చీటీ మీద రాసుకుని పర్సులో పెట్టుకున్న ఉద్యోగిని ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్‌లో ఎవరూ తేలిగ్గా తీసుకోరు.

ఒక లెక్క చేద్దాం. ఒక జోనల్ కేడర్‌లో 100 పోస్టులున్నాయి. గత ప్యానెల్ 13వ పాయింటు దగ్గర ఆగింది. ఈ ఏడాది 12 ఖాళీలు వస్తాయని అంచనా వేశారు. అప్పుడు 14 నుంచి 25 వరకు పాయింట్లు నడవాలి. వాటిలో 16, 22 ఎస్సీలవి, 25 ఎస్టీలది, మిగిలిన తొమ్మిది ఓపెన్. ఖాళీలు 12 కాకుండా 11 అని లెక్కేస్తే 25వ పాయింటు ఈ ఏడాదికి రాదు; ఆ ఎస్టీ ఉద్యోగి మరో ఏడాది ఆగాలి. అందువల్ల రోస్టరు కంటే ముందు చూడవలసినది ఖాళీల అంచనా. ప్యానెల్ సంవత్సరంలో పదవీ విరమణ చేసేవారు, పై కేడర్‌కు పదోన్నతిపై వెళ్లేవారు, కొత్తగా మంజూరైన పోస్టులు అన్నీ కలిపారా? ఒక విరమణను మరిచిపోయినా ఒక పాయింటు జారిపోతుంది. దీన్ని ఎవరూ ఉద్దేశపూర్వకంగా చేయనక్కర లేదు, ఒక గుమాస్తా తొందర చాలు.

ఇప్పుడు రెండో లెక్క, తగినంత ప్రాతినిధ్యానిది. ఆ 100 పోస్టుల్లో ఎస్సీల వాటా 15, ఎస్టీల వాటా 6. ప్రస్తుతం 11 మంది ఎస్సీలు, ఆరుగురు ఎస్టీలు పనిచేస్తున్నారనుకుందాం. ఎస్సీల వాటాలో నాలుగు తక్కువ కనుక 16, 22 పాయింట్లు నడుస్తాయి. ఎస్టీల వాటా నిండింది. అందువల్ల 25వ పాయింటు దగ్గర కిందికి దిగి ఎస్టీ ఉద్యోగిని పైకి తెచ్చే అవసరం ఉండదు, సీనియారిటీ ప్రకారమే భర్తీ చేస్తారు. వాటా నిండేవరకే రోస్టరు నడవాలనీ, నిండిన తర్వాత ఏ వర్గం ఉద్యోగి ఖాళీ చేసిన పోస్టును ఆ వర్గంతోనే నింపాలనీ 1995లో ఆర్.కె. సభర్వాల్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. తనను దాటి వెళ్లారని బాధపడే ఓసీ, బీసీ ఉద్యోగి నిజంగా పరిశీలించవలసిన గడి ఇదే. వాటా నిండిన తర్వాత కూడా పాయింటు నడిపారా? నడిపితే ఆయన అభ్యంతరంలో బలముంది. నిండకముందే నడిపితే అది నిబంధన ప్రకారం జరిగిన పని. దాన్ని అన్యాయం అనడానికి లేదు.

ఎక్కువ తగాదాలు పుట్టే చోటు మరొకటుంది. పై ఉదాహరణలోనే సీనియారిటీ జాబితాలో మూడో స్థానంలో ఒక ఎస్సీ ఉద్యోగి ఉన్నారనుకుందాం. 12 ఖాళీలున్నాయి గనుక ఆయన రోస్టరు లేకపోయినా ప్యానెల్‌లోకి వచ్చేవారే. ఆయనను 16వ పాయింటు గడిలో రాశారా, ఓపెన్ పాయింటు గడిలో రాశారా? 16లో రాస్తే కింద 30వ స్థానంలో ఉన్న మరో ఎస్సీ ఉద్యోగికి ఆ పాయింటు పోతుంది. రిజర్వుడు వర్గానికి చెందినవారు ఓపెన్ పోస్టుకు ఎంపికైతే వారిని రిజర్వేషన్ శాతంలో కలపకూడదన్నది సభర్వాల్ తీర్పులోని సూత్రం. సీనియారిటీ ఆధారంగా ఇచ్చే పదోన్నతుల్లో ఈ సూత్రాన్ని, తగినంత ప్రాతినిధ్యం లెక్కను ఎలా జత చేయాలన్నది ప్యానెల్‌లో ఉదహరించిన ఉత్తర్వు భాష మీద ఆధారపడుతుంది. అర్జీ రాసేముందు ఆ ఉత్తర్వులోని పేరా సంఖ్యతో సహా పట్టుకోవాలి. పేరా సంఖ్య లేని అర్జీకి సాధారణంగా వచ్చే జవాబు ‘నిబంధనల ప్రకారమే జరిగింది’ అన్న ఒకే ఒక వాక్యం.

నేను పనిచేసిన ఒక జిల్లా కార్యాలయంలో జరిగిన సంగతి చెబుతాను. ఒక ప్యానెల్‌లో 41వ పాయింటుపై పదోన్నతి పొందిన ఉద్యోగి కుటుంబ కారణాల వల్ల ఆ పదోన్నతిని రాతపూర్వకంగా వదులుకున్నారు. ఆ పోస్టు భర్తీ కాలేదు. రిజిస్టరులో మాత్రం 41వ గడిలో ఆయన పేరు అలాగే ఉండిపోయింది. మరుసటి ప్యానెల్ 42 నుంచి మొదలైంది. మూడేళ్లపాటు మాలో ఎవరి కంటా పడలేదు. విరమణకు దగ్గరపడిన మరో ఉద్యోగి సమాచార హక్కు కింద రిజిస్టరు నకలు తీసుకుని, ఆ పేరు గల వ్యక్తి ఇంకా పాత పోస్టులోనే జీతం తీసుకుంటున్నారని జీతాల బిల్లుతో సహా చూపిస్తేనే అది సరయింది. ఆ నమోదు చేసిన సెక్షన్‌లో నేనూ ఉన్నాను గనుక ఇందులో ఎవరినీ నిందించే అధికారం నాకు లేదు. వదులుకున్న పదోన్నతిని తిరిగి అడగడం కుదరదన్న సంగతి ఆ మొదటి ఉద్యోగికి సంతకం చేసే రోజున ఎవరైనా వివరంగా చెప్పారా అన్న అనుమానం కూడా నాకు ఇప్పటికీ ఉంది.

పర్యవసాన సీనియారిటీ గురించి కొద్దిగా. 16వ పాయింటుపై ముందుగా సూపరింటెండెంట్ అయిన ఎస్సీ ఉద్యోగి, రెండేళ్ల తర్వాత అదే పోస్టుకు వచ్చిన తన పాత సీనియర్ కంటే సూపరింటెండెంట్ జాబితాలో పైన ఉంటారా, కింద ఉంటారా? వీర్‌పాల్ సింగ్ చౌహాన్, అజిత్ సింగ్ కేసుల్లో 1995, 1999లలో సుప్రీంకోర్టు పాత సీనియర్ తిరిగి పైకి వస్తారని చెప్పింది. 85వ సవరణ దాన్ని తిప్పికొట్టడానికి వీలిచ్చింది. ఆ వీలును వాడుకుంటూ ప్రభుత్వం నిర్దిష్టమైన నిబంధన చేయకపోతే పాత పద్ధతే వర్తిస్తుందని 2015లో పన్నీర్‌సెల్వం కేసులో తేలింది. కాబట్టి పై కేడర్ సీనియారిటీ జాబితా వచ్చినప్పుడు, ఏ ఉత్తర్వు ఆధారంగా క్రమం పెట్టారో జాబితా శీర్షికలోనే వెతకాలి.

సమాచారం తీసుకోవడం, అభ్యంతరం రాయడం

రిజిస్టరు చూపించమని నోటితో అడిగితే చూపించే సూపరింటెండెంట్లు ఉన్నారు; ముందు అలాగే అడగండి. కుదరకపోతే 2005 నాటి సమాచార హక్కు చట్టం సెక్షన్ 6(1) కింద దరఖాస్తు చేయాలి. మన రాష్ట్ర నిబంధనల ప్రకారం గ్రామస్థాయిలో రుసుము లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, ఆపై కార్యాలయాల్లో 10 రూపాయలు. జవాబుకు 30 రోజులు. రాకపోయినా, అసంపూర్ణంగా వచ్చినా 30 రోజుల్లో మొదటి అప్పీలు, ఆ తర్వాత 90 రోజుల్లో సమాచార కమిషన్‌కు రెండో అప్పీలు. దరఖాస్తులో ఎందుకు ప్రమోషన్ ఇవ్వలేదు అని అడగకూడదు. అది సమాచారం కాదు, సంజాయిషీ. ఇలా అడగాలి:

‘మీ కార్యాలయ పరిధిలోని ఫలానా కేడర్‌కు సంబంధించి, గత మూడు ప్యానెల్ సంవత్సరాల పదోన్నతి రోస్టరు రిజిస్టరు పేజీల ధ్రువీకరించిన నకళ్లు, ఆయా సంవత్సరాలలో అంచనా వేసిన ఖాళీల పట్టిక, కేడర్‌లో మంజూరైన పోస్టుల సంఖ్య, సెప్టెంబరు 1 నాటికి పనిచేస్తున్న ఎస్సీ, ఎస్టీ ఉద్యోగుల సంఖ్య, తగినంత ప్రాతినిధ్యాన్ని లెక్కించిన నోట్ ఫైలు పేజీల నకలు, ఆమోదించిన ప్యానెల్, దానికి ఆధారమైన తుది సీనియారిటీ జాబితా నకలు ఇవ్వగలరు.’

ఈ కాగితాలన్నీ చేతికి వస్తే మిగతా పని మీ ఇంట్లో బల్ల మీద కూర్చుని చేసుకోవచ్చు. వాటిలోనూ నోట్ ఫైలు (నిర్ణయానికి ముందు కార్యాలయంలో రాసుకున్న వివరణల ఫైలు) ముఖ్యం. లెక్క ఎక్కడ తప్పిందో రిజిస్టరు చూపిస్తుంది. ఎందుకు తప్పిందో నోట్ ఫైలు చెబుతుంది.

అభ్యంతరం రాయడానికి సరైన సమయం తాత్కాలిక సీనియారిటీ జాబితా విడుదలైన వెంటనే. జాబితాతో వచ్చే మెమోలోనే గడువు ఉంటుంది. ఆ గడువు దాటనిచ్చి, తుది జాబితా మీద, ఆ తర్వాత ప్యానెల్ మీద, ఆ తర్వాత నియామక ఉత్తర్వు మీద పోట్లాడడం చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమే. తుది జాబితాపై చెప్పుకోవలసింది ఉంటే 90 రోజులు దాటనివ్వకండి. ఆలస్యంగా వచ్చిన అర్జీలను న్యాయస్థానాలు కూడా, ఇతరుల సీనియారిటీ అప్పటికే స్థిరపడిందన్న కారణంతో, తోసిపుచ్చుతుంటాయి.

అర్జీ ఒకటిన్నర పేజీ మించకుండా ఉంటే చదువుతారు. మొదటి పేరాలో మీ పేరు, హోదా, కింది కేడర్‌లో చేరిన తేదీ, ప్రొబేషన్ ప్రకటన తేదీ, జాబితాలో వరుస సంఖ్య రాయండి. రెండో పేరాలో లోపం ఏమిటో ఒకే వాక్యంలో చెప్పండి: ‘2024-25 ప్యానెల్‌లో 22వ పాయింటు ఎస్సీ వర్గానికి చెందినదై, వాటా నిండకపోయినా ఓపెన్ వర్గంతో నింపారు’ అన్నట్టు. మూడో పేరాలో ఉత్తర్వు సంఖ్య, పేరా, జతచేసిన నకలు పేజీ సంఖ్య. చివరి పేరాలో కోరే ఉపశమనం, ఒకవేళ నిరాకరిస్తే కారణాలతో కూడిన ఉత్తర్వు ఇవ్వాలన్న వినతి. పక్క ఉద్యోగి కులం మీద, అతని పత్రం మీద, అతనికి పైవారి అండ ఉందన్న అనుమానం మీద ఒక్క వాక్యం కూడా ఉండకూడదు. కుల ధ్రువపత్రం తప్పుడుదని నిజంగా ఆధారముంటే దానికి వేరే దారి, వేరే అర్జీ ఉన్నాయి. రెండింటినీ కలిపితే మీ సీనియారిటీ అర్జీ కాస్తా కక్ష అర్జీగా మారిపోతుంది. అర్జీని నియామకాధికారికి, సరైన మార్గంలో, అంటే మీ పై అధికారి ద్వారానే పంపాలి.

గుంతకల్లు రైల్వే డివిజన్‌లో గానీ, ఇతర కేంద్ర కార్యాలయాల్లో గానీ పనిచేసేవారికి పద్ధతి కొంత వేరు. అక్కడ వాటాలు ఎస్సీలకు 15, ఎస్టీలకు 7.5 శాతం, రోస్టరు 1997 జూలై 2 నాటి మెమొరాండం ప్రకారం పోస్టుల ఆధారంగా నడుస్తుంది, జర్నైల్ సింగ్ తీర్పు తర్వాత పదోన్నతికి ముందు కేడర్‌వారీ గణాంకాలు తీయాలని 2022 ఏప్రిల్ 12న కేంద్ర సిబ్బంది శాఖ ఆదేశించింది. రోస్టర్లను తనిఖీ చేసే లైజన్ అధికారి ఉంటారు కనుక మొదటి లేఖ నకలు ఆయనకూ ఇవ్వాలి. ముద్దనూరు దగ్గరి రాయలసీమ థర్మల్ విద్యుత్ కేంద్రంలాంటి సంస్థలకు సొంత సర్వీస్ నిబంధనలుంటాయి. రాష్ట్ర జీవోను ఆ సంస్థ బోర్డు ఏ తీర్మానంతో స్వీకరించిందో ముందు తెలుసుకోవాలి. ఆర్టీసీ సిబ్బంది 2020 జనవరి 1 నుంచి ప్రజా రవాణా శాఖ ఉద్యోగులయ్యారు. అంతకుముందరి పదోన్నతులపై అడిగేవారు ఆ నాటి సంస్థ నిబంధనలను, తర్వాతివాటిపై అడిగేవారు ప్రభుత్వ ఉత్తర్వులను ఉదహరించాలి.

జవాబు ప్రతికూలంగా వస్తే లేదా అసలు రాకపోతే మిగిలేది న్యాయస్థానం. కేంద్ర ఉద్యోగులు హైదరాబాదులోని కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోగా దరఖాస్తు వేయాలి. అర్జీకి ఆరు నెలల్లో జవాబే రాకపోతే, ఆ ఆరు నెలలు ముగిసిన నాటి నుంచి ఏడాది లెక్కిస్తారు. రాష్ట్ర ఉద్యోగులకు ఒకప్పుడు ఉన్న రాష్ట్ర ట్రిబ్యునల్ రద్దయింది గనుక నేరుగా అమరావతిలోని హైకోర్టులో రిట్ వేయాలి. మీ పదోన్నతి కోసం ఎవరి ఉత్తర్వు రద్దు కావాలని కోరుతున్నారో, ఆ ఉద్యోగులను ప్రతివాదులుగా చేర్చకపోతే కేసు ఆ ఒక్క లోపంతోనే పోవచ్చు; న్యాయవాదికి వారి పేర్లు, హోదాలు, ప్రస్తుతం పనిచేసే చోటు రాసిన పట్టిక ముందుగానే ఇవ్వండి. దానితోపాటు తాత్కాలిక జాబితాపై మీరిచ్చిన అభ్యంతరం నకలు కూడా ఇవ్వాలి. దాని మీద ఇన్‌వర్డ్ సెక్షన్ ముద్ర, తేదీ, వరుస సంఖ్య స్పష్టంగా ఉన్నాయో లేదో ఇచ్చిన రోజునే, ఆ కిటికీ దగ్గరే నిలబడి చూసుకుని బయటికి రండి.